అవతలి పార్టీ

మా నాయన నాకు రెండెకరాల రాళ్లనేల, ఒక కేసు వదిలిపెట్టి పోయాడు. నేలతో పెద్ద తంటా లేదు. బద్వేలుకు అవతల మా ఊళ్లో అది ఎక్కడికీ పోకుండా పడి ఉంటుంది, ఏడాదికొకసారి పోయి చూసి నిట్టూర్చి రావచ్చు. కేసు అట్లా కాదు. దానికి వాయిదాలుంటాయి. పిలిచినప్పుడు పలకాలి. దాని కాగితాలకు చెద పట్టకుండా చూసుకోవాలి. కర్నూలులో మా ఇంటి బీరువాలో, అందరూ నగలు పెట్టుకునే అరలో నేను ఆ కట్టను పెట్టుకున్నాను. దొంగలు పడి దాన్ని ఎత్తుకుపోతే బాగుండునని చాలాసార్లు అనుకున్నాను గానీ, మా వీధి దొంగలు తెలివైనవాళ్లు.

కేసు ఒక బాట గురించి. నాయన, చిన్నాయన భాగాలు పంచుకున్నప్పుడు తాతల నాటి బావి ఇద్దరికీ చెరిసగం అనుకున్నారు. బావి మా చేను చివర ఉంది. దాని దగ్గరికి పోయే ఎనిమిది అడుగుల బండిబాట మాత్రం చిన్నాయన చేలో పడింది. ఒక ఏడు చిన్నాయన ఆ బాటను దున్ని చెనిక్కాయ, అంటే వేరుశనగ, వేశాడు. నాయన పోయి అది నా బాట అన్నాడు. చిన్నాయన ఇది నా చేను అన్నాడు. ఇద్దరి చేతుల్లోనూ కర్రలున్నాయి గానీ, చదువుకున్న కుటుంబం అనే పేరు కూడా ఉండడంతో కర్రలు పారేసి కోర్టుకు పోయారు.

ఇక్కడ ఒక చిన్న సంగతి చెప్పాలి. ఆ బావిలో నీళ్లు లేవు. కేసు వేసేనాటికే నాలుగేళ్లుగా లేవు. చుట్టుపక్కల బోర్లు పడినాక బావి అడుగు కనిపించింది, తర్వాత ఆ అడుగున కంపచెట్టు మొలిచింది, ఆ తర్వాత దాని మీద పావురాలు కాపురం పెట్టాయి. నీళ్లు లేని బావికి పోయే దారి కోసం అన్నదమ్ములు పదకొండేళ్లు కోర్టు మెట్లెక్కారు. ఊళ్లో ఎవరికీ ఇది వింతగా అనిపించలేదు. "నీళ్లదేముందప్పా, మాట పోతే వస్తాదా?" అన్నారు.

మరో చిక్కు కూడా ఉంది. మా అమ్మ, చిన్నాయన భార్య సొంత అక్కచెల్లెళ్లు. ఒకే పందిట్లో అన్నదమ్ములిద్దరికీ ఇచ్చి చేశారు. నా చిన్నప్పుడు ఏ పొయ్యి ఎవరిదో నాకు తెలిసేది కాదు, ఆకలైతే దగ్గరగా ఉన్న వంటింట్లో దూరేదాన్ని. చిన్నాయన తన భాగాన్ని ముందుచూపుతో భార్య పేరున రాయించి పెట్టాడు. అందువల్ల కోర్టులో ప్రతివాది చిన్నమ్మ అయింది. ఆమెకు ఆ చేను హద్దులు కూడా సరిగ్గా తెలియవు.

కేసు వేసే ముందు మా వకీలు బాట చూడడానికి ఊరికి వచ్చాడు. చూశాడు, మా ఇంటి నడవలో కూర్చున్నాడు, అమ్మ ఇచ్చిన మజ్జిగ రెండు గ్లాసులు తాగాడు. లేచి చెప్పులు వేసుకుంటూ, "ఇంగొక మాటప్పా. కేసు నడిచినన్నాళ్లు అవతలి పార్టీతో ఇంట్లో ఎవురూ మాట్లాడొద్దండి. నోరు జారితే కేసు పాడయితాది" అన్నాడు. సెలవులకు వచ్చిన నేనూ అక్కడే ఉన్నాను. ఆ మాటను నేను సాయంత్రానికే మర్చిపోయాను. నాయన అంతకంటే ముందే మర్చిపోయి ఉంటాడు, ఎందుకంటే ఆ వారంలోనే నడివీధిలో చిన్నాయనతో గంటసేపు మాట్లాడాడు. ఆ మాటలను ఇక్కడ రాయలేను. అమ్మ మాత్రం మర్చిపోలేదు. అది తెలియడానికి నాకు పదకొండేళ్లు పట్టింది.

అమ్మ ఆ రోజు నుంచి చెల్లెలితో మాట్లాడలేదు. కొళాయి దగ్గర ఎదురుపడితే బిందె ఎత్తుకుని వచ్చేసేది. చెల్లెలి కూతురి పెళ్లి మేళాన్ని మా మిద్దె మీద బట్టలు ఆరేసే వంకతో విన్నది. ఒక్క చీరను అంతసేపు ఆరేస్తున్న మనిషిని చూసి కూడా నాకేమీ తట్టలేదు. మా తట్టు బంధువులు మెచ్చుకున్నారు. ఆడదంటే అట్లుండాల, మొగుని మాట కోసం తోడబుట్టినదాన్నే వదులుకునింది, ఏం పౌరుషం అన్నారు. మా సీమలో పౌరుషం అనే మాట తగిలించామంటే ఇంక ఎవరూ కారణం అడగరు. నేనూ అడగలేదు.

నాలుగో ఏట నాయన పోయాడు. చావుకు పగలేదంటారు కాబట్టి చిన్నాయన వచ్చాడు, పాడె పట్టాడు, నిజంగానే ఏడ్చాడు. చిన్నమ్మ వచ్చి ఆడవాళ్ల మధ్య అమ్మకు ఆనుకుని కూర్చుంది. అమ్మ ఆమె చేయి పట్టుకుని మూడు గంటలు వదల్లేదు. నోరు మాత్రం విప్పలేదు. ఇంత దుఃఖంలో కూడా ఈమెకు పంతం పోలేదే అని నాకు కోపమొచ్చింది. దినాలు కాగానే వకీలు కబురు పంపాడు, వాది చనిపోయాడు కాబట్టి ఆయన స్థానంలో భార్యనూ కూతురినీ చేర్చాలని. అట్లా కోర్టు కాగితాల మీద అది అక్కాచెల్లెళ్ల తగాదా అయిపోయింది. తగాదా పడినవాళ్లలో ఒకరు పైకి పోయారు, మరొకరు భార్య పేరు వెనక కూర్చున్నారు. ఎన్నడూ పోట్లాడుకోని ఇద్దరు ఎదురెదురు పార్టీలయ్యారు.

బద్వేలు కోర్టులో మేమే గెలిచాం. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని సామెత. మాకు ఏడవడానికి కూడా వ్యవధి ఇవ్వకుండా చిన్నాయన కడపలో అప్పీలు వేశాడు.

అప్పటికి అమ్మ కర్నూలులో నా దగ్గరికి వచ్చేసింది. నేను హైస్కూల్లో టీచరును. ప్రతి వాయిదాకూ సెలవు పెట్టి తెల్లవారే బస్సెక్కి నంద్యాల, మైదుకూరు మీదుగా కడపకు పోయేదాన్ని. "నువ్వు రావాల్సిన పని లేదమ్మా, అప్పీల్లో వకీళ్లే మాట్లాడతారు" అని ఎంత చెప్పినా అమ్మ వినేది కాదు. నాకంటే ముందు లేచి జొన్నరొట్టెలు కాల్చేది. ఇద్దరు మనుషులకు పదో పన్నెండో రొట్టెలు! రోట్లో చెనిక్కాయల ఊరిబిండి పచ్చడి నూరేది, అదీ రెండు చిన్న డబ్బాల్లో. ఒకదాంట్లో తెల్లగడ్డ, అదే వెల్లుల్లి, వేసింది, ఒకదాంట్లో వేయనిది. మా ఇద్దరికీ తెల్లగడ్డ ఉంటేనే ముద్ద దిగుతుంది.

"రెండో డబ్బా ఎవరికమ్మా?" అంటే, "ఉండనీలే మే, ఎవరన్నా తింటారు" అనేది.

ఎవరూ తినేవాళ్లు కాదు. సాయంత్రం తిరుగు బస్సు మైదుకూరు బస్టాండులో ఆగినప్పుడు మిగిలిన రొట్టెలన్నీ నేను కిటికీలోంచి కుక్కలకు వేసేదాన్ని. అట్లా వేసి వేసి అక్కడి కుక్కలకు నేను బాగా పరిచయమయ్యాను. మా బస్సు నంబరు కూడా వాటికి తెలుసేమోనని నా అనుమానం. "వయసైతే కొలత తప్పుతుందమ్మా" అని అమ్మను ఆటపట్టించేదాన్ని. అమ్మ కిటికీ బయటికి చూసేది.

చిన్నాయన కూడా ప్రతి వాయిదాకూ చిన్నమ్మను వెంట తెచ్చేవాడు. ముసలి ఆడమనిషిని చూస్తే జడ్జికి జాలి కలుగుతుందని ఆయన లెక్క. మా తట్టు కూడా ఒక ముసలి ఆడమనిషి ఉండడంతో ఆ లెక్క సరికి సరి అయింది. కోర్టు వరండాలో ఒక పొడుగాటి బల్ల ఉండేది. దాని ఆ చివర చిన్నమ్మ, ఈ చివర అమ్మ. మధ్యలో ఎవరెవరి కేసులవాళ్లో వచ్చి కూర్చునేవాళ్లు, లేచేవాళ్లు. మధ్యాహ్నం చిన్నాయన చిన్నమ్మను హోటలుకు తీసుకుపోయేవాడు. ఆమె మెట్లు దిగేదాకా అమ్మ డబ్బా మూత మీద చేయి పెట్టుకుని చూసేది. ఆ తర్వాతే మూత తీసేది. నేను ఆకలితో విసుక్కునేదాన్ని.

అప్పీలు ఐదేళ్లు నడిచాక, బదిలీ మీద కొత్తగా వచ్చిన జడ్జమ్మ ఒక రోజు మా కట్ట తిరగేసి ఒక ప్రశ్న అడిగింది. "ఆ బావిలో నీళ్లున్నాయా?"

ఇద్దరు వకీళ్లూ తమతమ కట్టల్లో వెతుక్కున్నారు. సరిహద్దులున్నాయి, కొలతలున్నాయి, బాటను కొలవడానికి వచ్చిన కమిషనరు నివేదిక ఉంది. నీళ్ల సంగతి మాత్రం లేదు. "అది రికార్డులో లేదు మేడం" అన్నాడు మావాడు. వెనక నుంచి చిన్నాయన ఆగలేకపోయాడు. "నీళ్లు యాడియి మేడం! ఎండిపోయి శానా ఏండ్లాయ" అన్నాడు.

జడ్జమ్మ నా వైపు తిరిగింది. "మరి ఆ బాటలో పోయి మీరేం చేస్తారమ్మా?"

ప్రశ్నకు పూర్తి వాక్యంలో జవాబు చెప్పాలని పిల్లలను రోజూ సతాయించే నేను ఒక్క ముక్క కూడా చెప్పలేక నిలబడ్డాను. వచ్చే లోక్ అదాలత్ లోపల కూర్చుని మాట్లాడుకోండి అని ఆమె వాయిదా వేసింది.

కూర్చోవడానికి మాకు కోర్టు ఎదురుగా టీ అంగడి దొరికింది. చిన్నాయనే ఎత్తుకున్నాడు. "ఏం పాపా, ఎనిమిదడుగులు ఏం చేసుకుంటావు? ట్రాక్టరు పోనీకి ఏడు సాలదా?" నేను చాలు అన్నాను. "సరే. ఏడు నీకు, ఒకటి నాకు. అయిపాయ." అంతే. టీ చల్లారకముందే పదకొండేళ్ల కేసు తీరిపోయింది. ఆ ఒక్క అడుగు కోసం ఆయన ముసలివాడయ్యాడు, మా నాయన పోయాడు. నాకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఇంకో టీ చెప్పాను.

అక్కడితో అయిపోతే మేము మా వంశంవాళ్లం ఎట్లా అవుతాం?

చిన్నాయన వకీలు గుమాస్తా రాజీ పత్రం రాసుకొచ్చి చదివాడు. "అప్పీలుదారు రాజీకి సమ్మతించి" అనే దగ్గర చిన్నాయన చేయెత్తాడు. "నేను సమ్మతించేదేంది? వాళ్లడిగినారు, నేను సరే అన్న్యా. అట్ల రాయి. రేపు ఊర్లో ఎవురన్నా ఈ కాగితం చదివితే మా తట్టు వంగినట్ల కనపడతాది."

ఊళ్లో ఆ కాగితం చదివేవాడెవడూ లేడు. అదే నేను చెప్పి నవ్వి ఉండాల్సింది. కానీ నాలోనూ పారేది ఆ రక్తమే కదా. "కింది కోర్టులో గెలిచిన మేము రాజీ అడగడమేంది చిన్నాయనా? ముందు మాట ఎత్తింది నువ్వు" అన్నాను. టీ అంగడిలో ఎవరు ముందు నోరు తెరిచారనేది అప్పుడు విచారణకు వచ్చింది. టీ అంగడాయన్ను సాక్ష్యం అడిగాం. ఆయన మమ్మల్ని చూసి స్టవ్ మంట పెంచుకున్నాడు. పట్టుకున్న కుందేటికి మూడే కాళ్లని ఇద్దరమూ నిలబడ్డాం. గుమాస్తా "ఉభయులూ" అని మార్చాడు. ఆ ఉభయుల్లో మొదటి పేరు ఎవరిదని తగాదా. అట్లా ఒక లోక్ అదాలత్ మమ్మల్ని దాటుకుని పోయింది. తిరుగు బస్సులో అమ్మ అడిగింది.

"అయిపోయిందా మే?"

"ఇంకా ల్యామా. ఒక మాట దగ్గర ఆగింది."

"ఏం మాట?"

"వాళ్లు ముందొచ్చినట్టు రాయాలమ్మా. మన పరువు ఉంది కదా."

అమ్మ డబ్బా నా ఒళ్లో పెట్టి, "కుక్కలొచ్చినాయి, ఎయ్యి" అంది.

రెండో లోక్ అదాలత్‌కు కోర్టు ఆవరణలో షామియానా వేశారు. రాజీయే రాజమార్గమని పెద్ద ఫ్లెక్సీ కట్టారు. కాగితంలో "పెద్దల మాట మన్నించి ఉభయ పక్షాలూ" అని రాసి వకీళ్లు మా నోళ్లు మూయించారు. ఆ పెద్దలెవరో నాకు ఇప్పటికీ తెలియదు. మా రెండు కుటుంబాల్లో పెద్దలనదగినవాళ్లు ఉంటే కేసు కడప దాకా ఎందుకొస్తుంది? ఇంక సంతకాలే మిగిలాయి. వాటి దగ్గర చిన్నాయన మళ్లీ మొరాయించాడు. ముందు సంతకం పెట్టినవాళ్లే వంగినవాళ్లట. అప్పీలుదారు ముందు పెట్టడం వాడుక అని వాళ్ల వకీలే చెప్పినా, చిన్నమ్మ చేతికి పెన్ను అందకుండా అడ్డం నిలబడ్డాడు. నేను కూడా పెన్ను పట్టుకుని మూత తీయకుండా ఆకాశం వైపు చూస్తున్నాను. యాభై దగ్గరపడుతున్న టీచరును, షామియానా కింద అంతమంది ముందు.

వరండాలో బల్ల మీద నుంచి అమ్మ లేచి వచ్చింది. "ఇట్ల తే మే ఆ పెన్ను" అని నా చేతిలోంచి లాక్కుంది. "యాడప్పా చేసేది?" అని గుమాస్తాను అడిగి, ఆయన చూపిన చోట వంగి, ఒక్కొక్క అక్షరాన్నీ కూడబలుక్కుంటూ తన పేరు రాసింది. చిన్నాయన మీసం కింద నవ్వు దాచుకోలేక, "చూసినారు గదా, వదినే ముందు చేసింది" అని పక్కవాళ్లకు చెప్పాడు. అమ్మ అది విన్నట్టే లేదు. పెన్నును చెల్లెలి వైపు చాచింది. చిన్నమ్మ మొగుని మొహం కూడా చూడకుండా తీసుకుని సంతకం పెట్టేసింది. నాకు తల కొట్టేసినట్టయింది. నేను కూడా పెట్టాను, చివరగా.

జడ్జమ్మ ఇష్టపూర్వకంగానే చేశారా, ఎవరైనా బలవంతపెట్టారా అని అడిగింది. అందరూ లేదన్నారు. బయటికి రాగానే అమ్మ మా వకీలు కోటు పట్టుకుని ఆపింది.

"సార్, కేసు అయిపోయినట్టేనా?"

"అయిపోయిందమ్మా. దీని మీద ఇంగ అప్పీలు గూడా లేదు. నిమ్మళంగా ఉండు."

"అయితే ఇంగ మాట్లాడొచ్చునా?"

"ఎవురితోనమ్మా?"

"మా చెల్లెలితో. మీరే కదా సార్ వద్దంటిరి. కేసు నడిచినన్నాళ్లు అవతలి పార్టీతో మాట్లాడొద్దని. మా నడవలో, మజ్జిగ తాగి."

వకీలుకు అది గుర్తుకొస్తే కదా! ప్రతి ఇంట్లో, ప్రతి గ్లాసు మజ్జిగ తర్వాతా చెప్పే మాట అది. పెద్దగా నవ్వాడు. "అయ్యో, నేనన్నది కేసు సంగతి మాట్లాడొద్దనమ్మా! అక్కాచెల్లెళ్లు మంచి చెడ్డ మాట్లాడుకుంటే ఎవురు కాదంటారు?"

ఆ నవ్వుకు నాకు ఒళ్లు మండింది. మనిషికి మందు రాసిచ్చిన వైద్యుడు పథ్యం ఎన్నాళ్లో చెప్పకుండా పోతే ఎట్లా? కానీ పదకొండేళ్లలో ఒక్కసారి, ఒక్క బస్సులో, "చిన్నమ్మతో ఎందుకు మాట్లాడవమ్మా?" అని అడిగి ఉంటే నాకు తెలిసేది. నేను అడగలేదు. పౌరుషం అనుకుని గర్వపడ్డాను కూడా. ఆయన మీద ఏ మొహంతో అరవాలి?

అమ్మకు కోపం రాలేదు. "అట్లనా" అని, సంచి తీసుకుని వరండాలోకి నడిచింది. చిన్నమ్మ బల్ల ఆ చివర ఎప్పటి చోటే కూర్చుని ఉంది. అమ్మ ఆమె ముందు నిలబడి, "జరుగు మే కొంచెం" అంది.

పదకొండేళ్ల తర్వాత చెల్లెలితో ఆమె అన్న మొదటి మాట అదే. చిన్నమ్మ జరిగింది. చీర కొంగు సర్దుకుంటూ, "ఇప్పుడొచ్చిందా నోరు?" అంది.

"లాయరు వద్దన్న్యాడు మే. మాట్లాడితే కేసు పోతాదన్న్యాడు. మీ బావ పోయినాక గూడా, నా నోటితో ఆయన కేసు పోగొట్టినానని యాడ అనిపించుకుందునా అని..."

"మా లాయరు ఏమీ అనలేదే. పెద్దదానివి నువ్వే మాట్లాడకపోతివి. నేను ముందు మాట్లాడితే చులకన అని నేనూ ఊరకుంటి."

ఎవరు ముందు అనే జబ్బు మగవాళ్లదీ నాదీ మాత్రమే కాదన్నమాట. అమ్మ సంచిలోంచి డబ్బా తీసింది. మూతలో నాలుగు రొట్టెలు పెట్టి, ఆ రెండో చిన్న డబ్బా తెరిచి, ఊరిబిండి వాటి పక్కన వేసింది.

"తిను. తెల్లగడ్డ ఎయ్యలేదులే."

చిన్నమ్మకు చిన్నప్పటి నుంచి తెల్లగడ్డ పడదు. వాసనకే వాంతి చేసుకునేది. ఆమె వంటింట్లో పెరిగిన నేను ఆ సంగతి పూర్తిగా మర్చిపోయాను. చిన్నమ్మ రొట్టె తుంచి ఊరిబిండిలో అద్దుకుని నోట్లో పెట్టుకుంది. నమిలి మింగి, డబ్బా వైపు చూసి, అక్క వైపు చూసింది.

"ఈ పొద్దే అయిపోతాదని నీకెట్ల తెలుసక్కా, నాగ్గూడా కట్టుకొచ్చినావు?"

"నాకేం తెలుసు? ఏ పొద్దు అయిపోతాదో అని, ప్రతి వాయిదాకూ కట్టుకొస్తానే ఉండా."

నేను స్తంభం చాటుకు పోయి ఏడ్చాను. చిన్నాయన దూరంగా ఎవరికో ఏడడుగుల లెక్క చెబుతున్నాడు.

ఆ సాయంత్రం తిరుగు బస్సు ఎప్పటిలాగే మైదుకూరు బస్టాండులో ఆగింది. కుక్కలు వచ్చి మా కిటికీ కింద తోకలాడిస్తూ నిలబడ్డాయి. నేను తల ఎత్తలేకపోయాను. అమ్మ నా మీదుగా వంగి ఖాళీ డబ్బాను బోర్లించి వాటికి చూపించింది.

"ఈ పొద్దు మీకేమీ ల్యా, పోండి" అంది.